బెస్సీ లవ్ బ్రిటన్‌లో వేసిన చిన్న వేషాలు: ఎందుకు వేసింది, ఏవి చూడాలి, ఎలా గుర్తుపట్టాలి

ప్రశ్న ఇది: "ది బ్రాడ్‌వే మెలొడీలో హీరోయిన్‌గా ఆస్కార్ దాకా వెళ్ళిన బెస్సీ లవ్, తర్వాత బ్రిటిష్ సినిమాల్లో పేరు కూడా లేని అమెరికన్ ముసలావిడ వేషాలు ఎందుకు వేసింది? అవకాశాలు లేకనా? ఆ సినిమాల్లో చూడదగ్గవి ఏవి?"

ముందు సూటిగా జవాబు చెప్పి, తర్వాత సినిమాల సంగతికి వస్తాను. లండన్‌లో కాపురం ఉంటూ, అమెరికన్ యాస పోగొట్టుకోని నటి అక్కడి నిర్మాతలకు ఎప్పుడూ కావలసిన మనిషే. కథ నడిపే పాత్రకు అమెరికా నుంచి పెద్ద పేరున్న వాళ్ళను రప్పించుకుంటారు. ఆ పాత్ర చుట్టూ ఉండే భార్య, అత్త, టూరిస్టు, డబ్బున్న వితంతువు వేషాలకు మాత్రం ఊళ్ళో ఉన్న అమెరికన్లే దిక్కు. బెస్సీ లవ్ 1935లో ఇంగ్లండ్ వెళ్ళింది, 1986లో లండన్‌లోనే పోయింది. ఆ మధ్య యాభై ఏళ్ళలో సినిమా, నాటకం, టెలివిజన్ మూడింట్లోనూ పని చేసింది. చివరి సినిమా 1983లో వచ్చేనాటికి ఆమెకు 84 ఏళ్ళు. అవకాశాలు లేని మనిషి ఆ వయసు దాకా కెమెరా ముందు ఉండదు.

మన దగ్గర కన్నాంబ, శాంతకుమారి హీరోయిన్లుగా మొదలై అమ్మ వేషాల్లోకి వచ్చినప్పుడు ఎవరూ దాన్ని పడిపోవడం అనుకోలేదు. కాకపోతే వాళ్ళకు సినిమా నిండా ఉండే అమ్మ వేషాలు దొరికాయి. బెస్సీ లవ్‌కు దొరికినవి చాలావరకు ఒకటి రెండు సన్నివేశాలవి. అందుకే ఆమె పని చూడటానికి కాస్త ఓపిక, కాస్త పద్ధతి కావాలి.

ఆమె అసలు పేరు హువానీటా హోర్టన్. 1898లో టెక్సస్‌లోని మిడ్‌లాండ్‌లో పుట్టింది. మూకీల కాలపు పెద్ద దర్శకుడు డి. డబ్ల్యు. గ్రిఫిత్ కంపెనీలో చేరి 1916లో ఇన్‌టాలరెన్స్‌లో, బైబిల్ కథలోని కానా పెళ్ళికూతురిగా కనిపించింది. అదే ఏడు ఆనాటి పెద్ద హీరోలు డగ్లస్ ఫెయిర్‌బాంక్స్ పక్కన, విలియం ఎస్. హార్ట్ పక్కన కూడా చేసింది. 1925లో ది లాస్ట్ వరల్డ్‌లో పాలా వైట్. 1929లో ది బ్రాడ్‌వే మెలొడీలో ఇద్దరు అక్కచెల్లెళ్ళలో పెద్దది, హ్యాంక్ మహోనీ. ఉత్తమ చిత్రం ఆస్కార్ అందుకున్న మొదటి టాకీ అదే. ఇక్కడ ఒక సవరణ: ఆమె "ఆస్కార్ నామినీ" అని అందరూ రాస్తారు గానీ, ఆ రెండో ఏడాది అకాడమీ నామినేషన్లు ప్రకటించలేదు, విజేతల పేర్లు మాత్రమే చెప్పింది. న్యాయనిర్ణేతలు పరిశీలించిన పేర్ల జాబితా తర్వాత బయటపడింది. అందులో ఈమె పేరు ఉంది కాబట్టి నామినీ అంటున్నాం. అవార్డు మేరీ పిక్‌ఫర్డ్‌కు వెళ్ళింది.

బ్రిటన్ సినిమాల జోలికి వెళ్ళే ముందు ఆ సినిమాలో డ్రెస్సింగ్ రూమ్ సన్నివేశం ఒక్కటి చూడండి. తను ప్రేమించిన మనిషి చెల్లెల్ని ప్రేమిస్తున్నాడని తెలిసి, అతన్ని తనే మాటలతో పొడిచి చెల్లెలి దగ్గరికి పంపేస్తుంది. తర్వాత అద్దం ముందు కూర్చుని ముఖానికి కోల్డ్ క్రీమ్ రాసుకుంటూ మేకప్ తుడుస్తుంది. ఏడుపు వస్తుంది, మధ్యలో నవ్వు వస్తుంది, మళ్ళీ ఏడుపు. చేతులు మాత్రం పని ఆపవు. అంతలోనే ఫోన్ అందుకుని పని గురించి మాట్లాడుతుంది. చేతిలో ఏదో ఒక పని పెట్టుకుని, ఆ పని సాగుతుండగానే మనసు చూపించడం ఆమె పద్ధతి. చిన్న వేషానికి ఇంతకన్నా పనికొచ్చే పద్ధతి లేదు. తర్వాతి నలభై ఏళ్ళ వేషాల్లో మీరు వెతకాల్సింది దీన్నే.

ఇక బ్రిటన్ లెక్క. 1927లో అక్కడ సినిమాటోగ్రాఫ్ ఫిల్మ్స్ చట్టం వచ్చింది. హాళ్ళూ, పంపిణీదారులూ ఏటా ఇంత శాతం బ్రిటిష్ సినిమాలు చూపించి తీరాలన్నది నియమం. మరి ఏది బ్రిటిష్ సినిమా? జీతాల మొత్తంలో నూటికి 75 వంతులు బ్రిటిష్ పౌరులకో, ఆ సామ్రాజ్యంలో స్థిరపడిన వాళ్ళకో చేరాలి. ఒక్క విదేశీ జీతాన్ని మాత్రం లెక్కలోంచి తీసి పక్కన పెట్టుకునే వెసులుబాటు ఉండేది. తర్వాతి చట్టాల్లో మాటలు మారాయి గానీ "ఇక్కడే ఉంటున్న వాళ్ళు" అన్న దారి మూసుకుపోలేదు. 1950లో ఈడీ లెవీ వచ్చింది. టికెట్ల మీద వసూలు చేసిన సొమ్ములోంచి బ్రిటిష్ సినిమాలకు వాటా ఇచ్చే ఏర్పాటు అది. 1957లో దానికి చట్టబద్ధత వచ్చింది, 1985లో ఎత్తేశారు. ఆ వాటా కావాలన్నా సినిమా ముందు బ్రిటిష్ సినిమా అనిపించుకోవాలి.

ఇప్పుడు నిర్మాత కుర్చీలో కూర్చుని చూడండి. అమెరికాలో అమ్ముకోవడానికి ఒక హాలీవుడ్ హీరో కావాలి. మినహాయింపు అతనికే ఖర్చయిపోతుంది. అతని భార్య వేషానికి ఇంకో అమెరికన్ కావాలంటే? న్యూయార్క్ నుంచి ఓడలో దాదాపు ఐదు రోజుల ప్రయాణం, హోటల్ ఖర్చు, వర్క్ పర్మిట్, పైగా ఆ జీతం విదేశీ ఖాతాలో పడుతుంది. నాలుగు రోజుల వేషానికి ఇంత తతంగం ఎవరు పెట్టుకుంటారు? ఇంగ్లిష్ నటితో అమెరికన్ యాస పలికించవచ్చు, చాలామంది పలికించారు కూడా. అమెరికా హాల్లో కూర్చున్నవాడు రెండో వాక్యానికే పట్టేస్తాడు. ఊళ్ళో ఇల్లున్న అమెరికన్ అయితే పొద్దున కబురు పెడితే స్టూడియోకి వస్తుంది, జీతం ఇక్కడివాళ్ళ లెక్కలో పడుతుంది, యాస అసలైనది.

ఈ లెక్క కళ్ళకు కట్టే సినిమా 1945 నాటి జర్నీ టుగెదర్. రాయల్ ఎయిర్‌ఫోర్స్ ఫిల్మ్ యూనిట్ తీసింది, దర్శకుడు జాన్ బోల్టింగ్. పైలట్ శిక్షణ కోసం కుర్రాళ్ళు అమెరికా వెళతారు. అక్కడి అమెరికన్ శిక్షకుడి వేషానికి ఎడ్వర్డ్ జి. రాబిన్సన్‌ను హాలీవుడ్ నుంచి రప్పించారు. అతని భార్య వేషం బెస్సీ లవ్‌ది. యుద్ధం మధ్యలో, బ్రిటన్‌లో ఒక అమెరికన్ ఇల్లాలు కావలసి వచ్చింది, ఆవిడ అక్కడే ఉంది. రిచర్డ్ అటెన్‌బరో కుర్ర హీరో. మీరు మొదలుపెట్టాల్సింది దీనితోనే. రాబిన్సన్ మాట్లాడుతున్నప్పుడు ఆయన్ను కాసేపు వదిలేసి ఆమెను చూడండి. పరాయి దేశపు కుర్రాళ్ళకు అది ఒక ఇల్లు అని మనకు నమ్మకం కలిగించే బరువు ఆమె మీదే ఉంది.

యుద్ధకాలంలో ఆమె అమెరికన్ రెడ్‌క్రాస్‌లో పని చేసింది, సైనికుల కోసం ప్రదర్శనలిచ్చింది. 1943లో ఈలింగ్ స్టూడియో తీసిన శాన్ డెమెట్రియో లండన్‌కు కంటిన్యూటీ పని కూడా చేసింది. ఏ షాటులో గ్లాసు ఏ చేతిలో ఉంది, జుట్టు ఎటు వాలింది అని రాసుకునే పని. వయసైన హీరోయిన్లలో చాలామందికి ఈ రెండో వృత్తి ఉండదు. షాటును కెమెరా ఇవతలి నుంచి చూసిన మనిషి, చిన్న వేషంలో ఎక్కడ కదలాలో ఎక్కడ కదలకూడదో తెలిసి నటిస్తుంది.

తర్వాత చూడాల్సింది 1958 నాటి నోవేర్ టు గో. సేత్ హోల్ట్ తీసిన నేర కథ, ఈలింగ్ చివరి రోజులది. మ్యాగీ స్మిత్ పేరు టైటిల్స్‌లో పడిన మొదటి సినిమా ఇదే కాబట్టి దొరకడం తేలిక. మోసగాడైన హీరో వేషం అమెరికన్ జార్జ్ నేడర్‌ది. అతను ఒక వితంతువుతో పరిచయం పెంచుకుని, ఆమె భర్త నాణేల సేకరణ అమ్మిపెడతానని డబ్బు కాజేస్తాడు. దొరికిపోతే ఐదేళ్ళు లోపల ఉండి వచ్చి అనుభవించవచ్చని అతని లెక్క, పదేళ్ళు పడుతుంది. అక్కడి నుంచి కథ. ఆ వితంతువు, హారియట్ జెఫర్సన్, మన బెస్సీ లవ్. నా లెక్కలో ఆమె బ్రిటిష్ సినిమాల్లో అన్నిటికన్నా బాగా రాసిన వేషం ఇది. ఆమె తెలివితక్కువదిగా కనిపిస్తే మోసం చప్పబడుతుంది. మరీ దీనంగా ఉంటే మనం హీరోను మొదటి పావుగంటలోనే అసహ్యించుకుని సినిమా వదిలేస్తాం. ఒంటరితనాన్ని హుషారు వెనక దాచుకున్న మనిషిగా చేసి ఆ రెండు గుంటల మధ్య నుంచి దాటింది. అదే ఏడు కెనెత్ మోర్ హీరోగా ఓడ ప్రయాణం మీద నెక్స్ట్ టు నో టైమ్ వచ్చింది. అందులో బెకీ వీనర్ వేషం తేలిక పాటిది, సరదాగా చూడవచ్చు.

మూడోది 1971 నాటి సండే బ్లడీ సండే. జాన్ ష్లెసింజర్ సినిమా. ఒక కుర్రాణ్ణి ఒక డాక్టరూ, ఒక స్త్రీ ఇద్దరూ ప్రేమిస్తుంటారు. ఆ ఇద్దరూ వాడే టెలిఫోన్ ఆన్సరింగ్ సర్వీసు ఒకటే. మనిషి ఇంట్లో లేనప్పుడు వచ్చిన కాల్స్ అందుకుని, కబురు రాసి పెట్టి, తర్వాత చెప్పే ఏర్పాటు అది. సెల్‌ఫోన్లు లేని రోజులు. ఆ సర్వీసులో కూర్చునే ఆవిడ బెస్సీ లవ్. పాత్రకు పేరు కూడా లేదు. కానీ దాదాపు సినిమా చివరి దాకా ఒకరికొకరు ఎదురుపడని ఆ ఇద్దరి కబుర్లూ ఆవిడ చెవిలోంచే పోతాయి. దర్శకుడు వైర్లనూ స్విచ్‌లనూ అంత దగ్గరగా చూపించేది ఆ ముడి కోసమే. కొత్త ముఖం పెడితే ప్రేక్షకుడు అది గమనించకుండా దాటిపోతాడు. ఈ ముఖం, ఈ గొంతు ఉంటే కాసేపు ఆగుతాడు.

మిగతావి వేగంగా చెబుతాను. 1954 నాటి ది బేర్‌ఫుట్ కంటెసాలో మిసెస్ యూబ్యాంక్స్. అది రోమ్‌లో తీసిన అమెరికన్ సినిమా, బ్రిటిష్ లెక్కలోకి రాదు. 1961 నాటి ది గ్రీన్‌గేజ్ సమ్మర్‌లో అమెరికన్ టూరిస్టు. 1968 నాటి ఇసడోరాలో వనెసా రెడ్‌గ్రేవ్‌కు తల్లి. 1969 నాటి బాండ్ సినిమా ఆన్ హర్ మెజెస్టీస్ సీక్రెట్ సర్వీస్‌లో కేసినోలో అమెరికన్ అతిథి. టైటిల్స్‌లో పేరు లేదు, రెప్ప వేస్తే పోతుంది. 1974 నాటి వాంపైర్స్ చివర్లో ఇల్లు చూడటానికి వచ్చే అమెరికన్ జంటలో భార్య. రక్తపాతం, నగ్నత్వం బాగా ఉన్న సినిమా, ఇంట్లో అందరితో కూర్చుని చూసేది కాదు. 1976 నాటి ది రిట్జ్ కథ న్యూయార్క్‌లో, తీసింది ఇంగ్లండ్‌లో. నాటకాల్లో 1972లో లండన్ డ్రూరీ లేన్ థియేటర్లో ఆడిన గాన్ విత్ ద విండ్ సంగీత నాటకం ముఖ్యమైంది. అందులో పిట్టీప్యాట్ అత్త. ఆమె స్వయంగా ఒక నాటకం కూడా రాసింది. ఆత్మకథ ఫ్రమ్ హాలీవుడ్ విత్ లవ్ 1977లో వచ్చింది. కెవిన్ బ్రౌన్‌లో, డేవిడ్ గిల్ 1980లో తీసిన హాలీవుడ్ అనే మూకీల చరిత్ర ధారావాహికలో ఆమె ఇంటర్వ్యూ ఉంది. గొంతుకు అలవాటు పడటానికి అది అన్నిటికన్నా మంచిది.

అవును, గొంతు. 1941కీ 1983కీ మధ్య ముఖం పూర్తిగా మారిపోతుంది. టోపీలు, కళ్ళజోళ్ళు, విగ్గులు కూడా ఉంటాయి. ముఖం కోసం వెతికితే సగం సినిమాల్లో దొరకదు. ముందు ఆ ఇంటర్వ్యూ పది నిమిషాలు కళ్ళు మూసుకుని వినండి. తర్వాత సినిమా పెట్టుకుని అమెరికన్ గొంతు వినబడినప్పుడల్లా ఆపి సమయం రాసుకోండి. పాత్రల జాబితాలో పేరు లేని "అమెరికన్ లేడీ", "టూరిస్ట్" లాంటివి ఉంటే ముందు అక్కడ చూడండి. 1950ల బ్రిటిష్ సినిమాల్లో చిన్న నటుల పేర్లన్నీ ఒకే కార్డు మీద మూడు నాలుగు సెకన్లు పడి పోతాయి. అక్కడ ఫ్రేమ్ ఆపక తప్పదు.

ఎక్కువమంది పొరబడే చోట్లు కొన్ని. మొదటిది నిడివి. యూరప్ టెలివిజన్, డీవీడీలు సెకనుకు 25 ఫ్రేములతో నడుస్తాయి, సినిమా తీసింది 24తో. కాబట్టి 100 నిమిషాల సినిమా 96 నిమిషాలకే అయిపోతుంది, గొంతు కూడా కాస్త పైస్థాయికి వెళుతుంది. నాలుగు నిమిషాలు తగ్గాయి కదా అని ఆమె సన్నివేశం కోసేశారని అనుకోకండి. ముందు నిడివిని 25తో గుణించి 24తో భాగించండి. లెక్క సరిపోతే కోత లేదు. దానికి మించి తేడా ఉంటే అప్పుడు అనుమానించాలి, ఎందుకంటే కోత పడితే ముందు పోయేవి ఇలాంటి వేషాలే.

ది లాస్ట్ వరల్డ్ విషయంలో మాత్రం కోత నిజం. చాలా ఏళ్ళు తిరిగింది గంట పొడవున్న కురచ ప్రింటు. రకరకాల చోట్ల దొరికిన ముక్కలు అతికి తర్వాత పునరుద్ధరణలు చేశారు. వంద నిమిషాల పైన ఉన్నది, 2016లో వచ్చినది చూడండి. గంట ప్రింటు చూసి పాలా వైట్ పాత్రలో ఏమీ లేదని తేల్చేస్తే అన్యాయం. ది బ్రాడ్‌వే మెలొడీలో కూడా ఒక పాట మొదట రెండు రంగుల టెక్నికలర్‌లో ఉండేది, ఇప్పుడు నలుపు తెలుపే మిగిలింది. మీ ప్రింటు పాడైందని అనుకోనక్కర్లేదు. ఆ పాటకే ఇంకో గొప్ప ఉంది. దృశ్యం నచ్చక మళ్ళీ తీయాల్సి వచ్చినప్పుడు, ముందే బాగా కుదిరిన ధ్వనిని వినిపిస్తూ దానికి తగ్గట్టు ఆడించారు. మనం ప్లేబ్యాక్ అంటున్న పద్ధతికి హాలీవుడ్‌లో తొలి అడుగుల్లో అది ఒకటి.

టెలివిజన్ వేషాలు అన్నిటికన్నా కష్టం. 1950లలో నాటకాలు చాలావరకు ప్రత్యక్ష ప్రసారాలే; ఎవరైనా తెర ముందు ఫిల్మ్ కెమెరా పెట్టి పట్టుకుంటే తప్ప ఏమీ మిగలదు. టేపులు వచ్చాక కూడా రెండంగుళాల టేపు ఖరీదైనది కాబట్టి చెరిపి మళ్ళీ వాడేవాళ్ళు. నటుల సంఘంతో ఒప్పందం వల్ల పునఃప్రసారాలకు పరిమితి ఉండేది; మళ్ళీ వేయలేనిదాన్ని దాచడం ఎందుకనుకున్నారు. అందుకని ఈ వేషాలను తెర మీద వెతికే ముందు కాగితం మీద వెతకాలి. రేడియో టైమ్స్ పత్రిక పాత సంచికల కార్యక్రమాల పట్టికలు బీబీసీ జీనోమ్ అనే వెబ్‌సైటులో ఉన్నాయి. పేరు మొత్తాన్ని కొటేషన్ గుర్తుల మధ్య పెట్టి వెతకండి, లేకపోతే ఆమె ఇంటిపేరు పుణ్యమా అని ప్రేమ కథలన్నీ వచ్చి పడతాయి. పత్రిక అచ్చయ్యాక కార్యక్రమం మారిపోయిన రోజులూ ఉన్నాయి కాబట్టి పట్టికలో ఉన్నంత మాత్రాన ప్రసారమైందని రూఢి కాదు. ఇంకొకటి: 1991కి ముందు రేడియో టైమ్స్‌లో బీబీసీ కార్యక్రమాలు మాత్రమే ఉండేవి. బీబీసీకి పోటీగా నడిచిన వాణిజ్య ఛానెల్ ఐటీవీలో వేసిన వేషాలకు టీవీ టైమ్స్ పత్రిక చూడాలి. రేడియో టైమ్స్‌లో పేరు లేదని ఆమె ఖాళీగా ఉందని రాసేయకండి.

అమెరికన్ నటీమణులందరూ బ్రిటన్‌లో ఈ దారినే పోలేదు. సియాటిల్‌లో పుట్టిన కాన్‌స్టన్స్ కమింగ్స్ నాటకరంగాన్ని నమ్ముకుని అక్కడ పెద్ద వేషాలే వేసింది. ఇండియానాపొలిస్‌లో పుట్టిన కోనీ బూత్ తన రచన తనే చేసుకుంది. ఫాల్టీ టవర్స్ అనే టీవీ హాస్య ధారావాహిక 12 భాగాలూ జాన్ క్లీస్‌తో కలిసి రాసి, అందులో పాలీగా నటించింది. న్యూయార్క్‌లో పుట్టి ఇంగ్లండ్‌లో పెరిగిన జోయి వానమేకర్‌ను బ్రిటిష్ నటిగానే చూస్తారు. యాస నిలుపుకుని, దాన్నే చేతిపనిగా చేసుకుని నిలబడింది మాత్రం బెస్సీ లవ్.

1981లో వచ్చిన రెడ్స్, రాగ్‌టైమ్ రెండూ అమెరికా కథలే, రెండింటికీ చాలా పని ఇంగ్లండ్‌లో జరిగింది. రెండింట్లోనూ ఆమె ఉంది. 1983 నాటి ది హంగర్ కూడా అంతే: న్యూయార్క్ కథ, తీసింది ఎక్కువగా లండన్‌లో, ఆమె వేషం పేరు లిల్లీబెల్. ఈ మూడింట్లో ఒక్కటే చూసే తీరిక ఉంటే రాగ్‌టైమ్ చూడండి. అందులో బెస్సీ లవ్‌ది పేరు లేని ముసలావిడ వేషం. ఎవెలిన్ నెస్బిట్‌గా వేసి సహాయనటి ఆస్కార్‌కు నామినేషన్ తెచ్చుకున్న కుర్రపిల్ల ఎలిజబెత్ మెక్‌గవర్న్. ఆ అమ్మాయి కూడా తర్వాత ఇంగ్లిష్ దర్శకుణ్ణి పెళ్ళి చేసుకుని లండన్‌లో స్థిరపడింది. 2010లో డౌన్‌టన్ ఆబీ అనే టీవీ ధారావాహిక మొదలైనప్పుడు, ఇంగ్లిష్ జమీందారు ఇంటికి కోడలిగా వచ్చిన అమెరికన్ కోరా వేషం ఆమెదే.